ఇచ్చే చేయి మారుతున్నది – మన సంఘాలు ఏం చేయాలి?

(సంఘ వార్షిక సర్వసభ్య సమావేశంలో చేసిన ప్రసంగ పాఠం)



దానధర్మాలను గూర్చి నాలుగు మాటలు చెప్పవలసిందిగా కార్యవర్గం వారు మమ్మల్ని కోరారు. దానం యొక్క గొప్పతనం గురించి మాకంటే మౌల్వీ సాహెబులు బాగా చెప్పగలరు. ప్రతి రంజాన్‌లోను వారు చెబుతూనే ఉన్నారు, మనం వింటూనే ఉన్నాం. అందుచేత ఆ పని వారికే వదిలి, మేము లెక్కల వైపు నుంచి మాట్లాడదలచుకున్నాం. ధర్మం కోసం బయటికి వచ్చే డబ్బు నేడు ఎవరి చేతిలోంచి వస్తున్నది? ఏ దారిన వస్తున్నది? మన వంటి చిన్న సంఘాల గుమ్మం దాకా వచ్చేది ఎంత, రాకుండా పక్కదారిన పోయేది ఎంత? ఇదీ మా విషయం.

మన తండ్రుల కాలంలో ఇచ్చేవాడంటే ఒక మనిషి. ఊళ్ళో తోళ్ళ వ్యాపారం చేసే సాహెబు గారో, బియ్యం మిల్లు యజమానో, బట్టల కొట్టు సేఠో ఇచ్చేవారు. సంఘం పెద్దలు నలుగురు రసీదు పుస్తకం చంకన పెట్టుకుని వెళ్తే, చాయ్ తెప్పించి, కుశలం అడిగి, తనకు తోచింది ఇచ్చేవాడు. మనిషికి మనిషి తెలుసు, పుచ్చుకునే కుటుంబం కూడా తెలుసు. ఇప్పుడు ఇచ్చేవారు మూడు తెగలయ్యారు: వ్యక్తులు, కంపెనీలు, ఫౌండేషన్లు. ముగ్గురి స్వభావమూ వేరు, ముగ్గురి భాషా వేరు. ఒకరి దగ్గర మాట్లాడినట్లు మరొకరి దగ్గర మాట్లాడితే పని కాదు.

ముందుగా ఒక దురభిప్రాయం తొలగించుకోవాలి. పెద్ద పెద్ద కంపెనీలు, కోటీశ్వరుల ఫౌండేషన్లు వచ్చాక మామూలు మనిషి ఇచ్చే పదీ పరకా లెక్కలోకి రాదని చాలామంది అనుకుంటున్నారు. అమెరికా వంటి దేశంలో, కంపెనీలకూ ఫౌండేషన్లకూ పుట్టినిల్లు వంటి దేశంలో, 2023 సంవత్సరంలో దానంగా వచ్చిన మొత్తం సుమారు 557 బిలియన్ డాలర్లు. అందులో దాదాపు మూడింట రెండు వంతులు వ్యక్తులు ఇచ్చినదే! ఫౌండేషన్ల వాటా ఐదో వంతుకు కొంచెం తక్కువ. చనిపోయేవారు వీలునామాల ద్వారా వదిలి వెళ్ళింది కొంత. కంపెనీలు ఇచ్చింది నూటికి ఏడు పాళ్ళు మాత్రమే. పేపర్లలో ఫొటోలు పడేది కంపెనీలవి, బండి లాగేది మాత్రం మామూలు మనుషులే.

ఐతే అక్కడే ఒక హెచ్చరిక కూడా ఉన్నది. 2000 సంవత్సరంలో ఆ దేశంలో ప్రతి మూడు కుటుంబాల్లో రెండు కుటుంబాలు ఏదో ఒక సంస్థకు చందా ఇచ్చేవి. 2018 నాటికి ఆ సంఖ్య సగానికి పడిపోయింది. డబ్బు మొత్తం పెరిగింది, ఇచ్చేవారి సంఖ్య తగ్గింది. అంటే కొద్దిమంది ధనవంతులు ఎక్కువ ఇస్తున్నారు, ఎక్కువమంది సామాన్యులు మానుకుంటున్నారు. ఏ సంఘానికైనా ఇది మంచి లక్షణం కాదు. నూరు మంది తలా వంద ఇచ్చిన పదివేలకూ, ఒక్కడే ఇచ్చిన పదివేలకూ లెక్కలో తేడా లేదు. కాని ఆ ఒక్కడికి కోపం వచ్చిన నాడు సంఘానికి తాళం పడుతుంది.

మన దేశంలో వ్యక్తుల సంగతి చూద్దాం. మన ప్రజలు ఇవ్వనివారు కాదు. కులం, మతం అనకుండా అందరి ఇళ్ళలోనూ ఇచ్చే అలవాటు ఉంది. గోదావరి లంకల్లో అన్నం పెట్టిన డొక్కా సీతమ్మ గారి పేరు ఆమె పోయి నూరేళ్ళు దాటినా జనం నోట ఉన్నది. కాని మన ఇళ్ళలోంచి వెళ్ళే డబ్బులో ఎక్కువ భాగం పోయేది రెండు చోట్లకు: ప్రార్థనా స్థలాల హుండీలకు, గుమ్మం ముందు నిలబడి చేయి చాచినవారికి. బడి నడిపే సంస్థకో, ఆసుపత్రి నడిపే సంస్థకో నెల నెలా క్రమం తప్పకుండా ఇచ్చే అలవాటు ఇంకా పాదుకొనలేదు. ఎదురుగా ఏడ్చే మనిషి కనపడితే జేబులో చేయి పెడతాం. కనపడని విద్యార్థి ఫీజుకు పెట్టం.

గడిచిన పదేళ్ళలో వచ్చిన పెద్ద మార్పు ఫోను. 2016లో యూపీఐ వచ్చిన తర్వాత చందా ఇవ్వడానికి రసీదు పుస్తకం పట్టుకుని ఎవరూ రానవసరం లేదు. అంతకు ముందే 2010లో మిలాప్, 2012లో కెట్టో వంటి సంస్థలు పుట్టి, ఆపరేషన్ కావలసిన పిల్లవాడి ఫొటో పెట్టి దేశమంతటా చందాలు వసూలు చేసే పద్ధతి తెచ్చాయి. దీనివల్ల మేలు జరిగింది. దిక్కులేని కుటుంబానికి దూరదేశాల నుంచి సాయం అందింది. కీడు కూడా జరిగింది. రంజాన్ నెల వచ్చిందంటే చాలు, ఎవరు పంపారో తెలియని వీడియోలు, కన్నీళ్ళు, కింద ఒక క్యూఆర్ కోడు. అది నిజమో కాదో విచారించే తీరిక ఎవరికీ లేదు. జకాత్ ఇచ్చాం, భారం దిగింది అనుకుంటారు. వీధి చివర గుడిసెలో నోరు విప్పి అడగలేని బేవా సంగతి ఆ ఫోనుకు తెలియదు. ఆ విచారణ చేయగలిగింది ఊళ్ళో ఉన్న సంఘం మాత్రమే. మన విలువ అక్కడే ఉన్నది, దాన్ని మనం పోగొట్టుకోకూడదు.

ఇంకొక మార్పు పన్నుల వైపు నుంచి వచ్చింది. 1961 ఆదాయపు పన్ను చట్టంలోని 80జి సెక్షన్ సంగతి పెద్దలకు తెలిసిందే. ఆ అనుమతి ఉన్న మామూలు సంస్థలకు ఇచ్చిన దానిలో సగం, ఒక పరిమితికి లోబడి, దాత తన ఆదాయంలోంచి తగ్గించుకోవచ్చు. 2017 నుంచి నగదుగా ఇస్తే రెండు వేల రూపాయలకు మించి ఈ రాయితీ లేదు. అంతకు మునుపు పదివేల దాకా ఉండేది. తర్వాత కొత్త పన్ను విధానం వచ్చింది. 2023-24 నుంచి, వేరుగా కోరుకుంటే తప్ప, అందరూ ఆ కొత్త విధానంలోకే వస్తారు. అందులో మామూలు దాతకు 80జి రాయితీ లేదు. అంటే జీతగాడైన దాతను 'పన్ను కలిసి వస్తుంది సార్' అని అడిగే రోజులు పోతున్నాయి. ఇకమీదట అతను ఇస్తే మన పని చూసి ఇవ్వాలి, మన లెక్క చూసి ఇవ్వాలి. 2025లో కొత్త ఆదాయపు పన్ను చట్టం కూడా చేశారు, సెక్షన్ల అంకెలు మారాయి. కోశాధికారులు పాత కాగితాలనే పట్టుకుని కూర్చోక, ఆడిటర్ గారిని అడిగి తెలుసుకోవాలి.

గల్ఫ్‌లో ఉన్న మన పిల్లల సంగతి వేరే చెప్పాలి. కడప నుంచి, రాయచోటి నుంచి, నిజామాబాదు నుంచి, కరీంనగర్ నుంచి వెళ్ళినవారు చెమటోడ్చి సంపాదించి, సొంత ఊరి మస్జిదుకు, మదరసాకు, ఆడపిల్ల పెళ్ళికి పంపుతున్నారు. 'విదేశీ డబ్బు తీసుకుంటే కేసవుతుంది' అనే భయంతో కొన్ని సంఘాలు ఆ డబ్బు వద్దంటున్నాయి. భారత పౌరసత్వం ఉన్నవాడు, విదేశంలో ఉన్నా, తన సొంత సంపాదనలోంచి బ్యాంకు ద్వారా పంపితే అది విదేశీ విరాళం కిందికి రాదు. అతని పాస్‌పోర్టు నకలు ఒకటి ఫైలులో ఉంచుకుంటే మంచిది. అదే మనిషి అమెరికా పౌరసత్వమో, బ్రిటన్ పౌరసత్వమో పుచ్చుకుని ఉంటే, ఎంత మన ఊరివాడైనా, చట్టం దృష్టిలో అది విదేశీ విరాళమే. అందుకు 2010 నాటి విదేశీ విరాళాల చట్టం కింద అనుమతి ఉండి తీరాలి. 2020లో ఆ చట్టాన్ని ఇంకా బిగించారు. అనుమతి ఉన్న పెద్ద సంస్థ తనకు వచ్చిన విదేశీ డబ్బును మరో సంస్థకు బదిలీ చేయరాదన్నారు. నగరంలోని పెద్ద సంస్థ ద్వారా ఊళ్ళో చిన్న సంఘానికి అందే కాలువ అక్కడ తెగిపోయింది. ఇది తెలియక ఇంకా ఆ కాలువ గట్టున కూర్చున్నవారు ఉన్నారు.

ఇక కంపెనీలు. పూర్వం కంపెనీ సాయమంటే మనకు తెలిసింది ఇదిగో, ఈ సావనీరు వెనుక పేజీల్లో ఉన్నది. 'శుభాకాంక్షలతో' అని ఒక పేజీ, అర పేజీ, పావు పేజీ ప్రకటన. అది దానం కాదు, వ్యాపార ఖర్చు. ఐనా ఆ ప్రకటనల మీదే ఎన్నో సంఘాలు బతికాయి, వారికి మనం రుణపడి ఉన్నాం. 2013 కంపెనీల చట్టం ఈ పద్ధతిని మార్చివేసింది. ఆ చట్టం 135వ సెక్షన్ ప్రకారం 500 కోట్ల నికర విలువ గాని, 1000 కోట్ల టర్నోవరు గాని, 5 కోట్ల నికర లాభం గాని ఉన్న కంపెనీ, గత మూడేళ్ళ సగటు నికర లాభంలో నూటికి రెండు వంతులు సమాజం కోసం ఖర్చు పెట్టాలి. దీన్నే సీఎస్‌ఆర్ అంటున్నారు. 2014 ఏప్రిల్ 1 నుంచి అమలులోకి వచ్చింది. మొదటి ఏడాది, 2014-15లో, దేశం మొత్తం మీద సుమారు పదివేల కోట్ల రూపాయలు ఖర్చయ్యాయి. 2021-22 నాటికి అది 26 వేల కోట్లు దాటింది.

ఇంత డబ్బు ఎక్కడికి పోతున్నది? చదువుకూ, వైద్యానికీ ఎక్కువ పోతున్నది, సంతోషమే. కాని రాష్ట్రాల లెక్క తీస్తే కంపెనీల ఆఫీసులూ, ఫ్యాక్టరీలూ ఉన్న చోటే ఎక్కువ పడుతున్నది. మహారాష్ట్ర ముందున్నది. కంపెనీ తన చుట్టుపక్కల ప్రాంతానికి ప్రాధాన్యం ఇవ్వాలని చట్టమే చెబుతున్నది మరి. దీన్ని బట్టి మనకు అర్థం కావలసింది ఒకటి ఉంది. బొంబాయిలో ఉన్న పెద్ద కంపెనీకి ఉత్తరాలు రాయడం కంటే మన జిల్లాలో ఉన్న సిమెంటు ఫ్యాక్టరీ, మందుల ఫ్యాక్టరీ గేటు దగ్గరకు వెళ్ళడం మేలు. తాడిపత్రి, జడ్చర్ల, పటాన్‌చెరు, పరవాడ చుట్టుపక్కల ఎన్ని సంఘాలు లేవు! అడగందే అమ్మైనా పెట్టదు, కంపెనీ పెడుతుందా?

ఐతే అడగడానికి అర్హత కావాలి. ఇంకొక సంస్థ ద్వారా ఖర్చు పెట్టాలంటే కంపెనీ చూసేవి ఇవి. ఆ సంస్థ రిజిస్టరై ఉండాలి. ఆదాయపు పన్ను శాఖ వారి 12ఎ, 80జి అనుమతులు ఉండాలి. మూడేళ్ళ పాటు అటువంటి పని చేసిన అనుభవం ఉండాలి. 2021 ఏప్రిల్ నుంచి కంపెనీ వ్యవహారాల శాఖ దగ్గర సీఎస్‌ఆర్-1 అనే ఫారం దాఖలు చేసి నంబరు తెచ్చుకోవాలి. వెనుకటిలాగా పన్ను శాఖ అనుమతి ఒకసారి తెచ్చుకుంటే శాశ్వతం కాదు. గడువు ఉంటుంది, తిరిగి రెన్యూవల్ చేయించుకోవాలి. ఈ కాగితాలు లేని సంఘం ఎంత మంచి పని చేసినా కంపెనీ గుమ్మం దాటలేదు.

ఇక్కడే మన సంఘాలకు అసలు చిక్కు వస్తుంది. దాన్ని దాచకుండా చర్చించాలనే మేము ఈనాడు ఈ విషయం ఎత్తుకున్నాం. 'ఫలానా మతస్థుల మేలు కోసమే' అని నియమావళిలో రాసుకున్న సంస్థకు 80జి అనుమతి రాదు. 1961 చట్టం వచ్చిన తర్వాత ఒక మతం వారి కోసమే ఏర్పడిన ధర్మసంస్థకు ఆదాయపు పన్ను మినహాయింపు కూడా దొరకదు. స్త్రీలు, పిల్లలు, వెనుకబడిన తరగతులు, షెడ్యూల్డు కులాలు, తెగల కోసం అంటే అభ్యంతరం లేదు. 'ముస్లింల కోసమే' అన్నా, మరో మతం వారి కోసమే అన్నా, మరో కులం వారి కోసమే అన్నా చట్టం ఒకటే. అంటే మనం రెండింట ఒకటి తేల్చుకోవాలి. చందాల మీద, జకాత్ మీద మాత్రమే నడుస్తూ మన వాళ్ళ వరకే చూసుకుంటామా? లేక బడి, ఆసుపత్రి, కుట్టు శిక్షణ, స్కాలర్‌షిప్పు వంటి వాటిని పేదవాడైన ప్రతి ఒక్కరికీ తెరుస్తామా?

కొందరు పెద్దలకు ఇది రుచించకపోవచ్చు. 'మనవాళ్ళకే చాలనప్పుడు బయటివాళ్ళకా?' అంటారు. ఆ బాధ మాకు తెలుసు. కాని ఒక్క విషయం ఆలోచించండి. ఇరుగు పొరుగు మేలు కోరడం మన దీన్‌లో కొత్తగా చేర్చిన మాట కాదు. హజ్రత్ ఉస్మాన్ రజియల్లాహు అన్హు మదీనాలో రూమా బావిని కొని ప్రజలకిచ్చినప్పుడు ఆ నీళ్ళకు ధర లేకుండా చేశారు. కర్నూలులో 1947లో డాక్టర్ అబ్దుల్ హక్ గారు ఉస్మానియా కాలేజీ స్థాపించారు. ఆ కాలేజీ మెట్లెక్కి చదువుకుని పైకి వచ్చినవారిలో అన్ని మతాలవారూ ఉన్నారు. దానివల్ల కర్నూలు ముస్లింలకు నష్టం జరిగిందా? ఊళ్ళో గౌరవం పెరిగింది, మన పిల్లలకు కాలేజీ దక్కింది. జకాత్ మాత్రం వేరు సంగతి. దానికి ఖురాన్‌లో ఎనిమిది రకాల హక్కుదారులు చెప్పబడి ఉన్నారు, దాన్ని ఆ హద్దుల్లోనే ఖర్చు పెట్టాలి. అందుచేత జకాత్ ఖాతా వేరు, సదఖా ఖాతా వేరు, కంపెనీ డబ్బు ఖాతా వేరు ఉండాలి. జకాత్ పంచే పని ఏ సంస్థ పేర జరగాలి, అందరికీ తెరిచిన సేవ ఏ సంస్థ పేర జరగాలి అన్నది ఆలిములనూ, ఆడిటరునూ ఒకే బల్ల దగ్గర కూర్చోబెట్టి తేల్చుకోవలసిన విషయం. ఒకరిని అడిగి రెండోవారిని వదిలితే తర్వాత తలనొప్పి తప్పదు.

మూడో తెగ ఫౌండేషన్లు. ఒక మనిషి తన ఆస్తిలో పెద్ద భాగం పక్కన పెట్టి, దాని రాబడి ఎల్లకాలం ధర్మానికి పోయేటట్లు ఏర్పాటు చేయడమే ఫౌండేషన్. జంషెట్జీ టాటా గారు 1892లోనే పై చదువులకు విదేశాలకు వెళ్ళే విద్యార్థుల కోసం నిధి పెట్టారు. నేడు టాటా సన్స్ కంపెనీ వాటాల్లో దాదాపు మూడింట రెండు వంతులు టాటా ట్రస్టుల చేతిలో ఉన్నాయి. హకీం అబ్దుల్ హమీద్ గారు ఢిల్లీలోని హమ్దర్ద్ దవాఖానాను 1948లో వక్ఫ్ చేశారు. మనం ఎండాకాలంలో తాగే షర్బత్ లాభంలోంచి తర్వాత ఒక విశ్వవిద్యాలయమే పుట్టింది. మన కాలంలో అజీం ప్రేమ్‌జీ గారు 2001లో ఫౌండేషన్ పెట్టి, 2019 నాటికి విప్రో కంపెనీలో 67 శాతం వాటాల ఫలితాన్ని దానికి అంకితం చేశారు. ఆనాటి విలువలో అది లక్షా నలభై ఐదు వేల కోట్ల రూపాయలు. ఆ డబ్బు పోతున్నది ముఖ్యంగా ప్రభుత్వ పాఠశాలల్లో చదివే పిల్లల కోసం, ఏ మతం పిల్లలని అడగకుండా.

ఈ ఫౌండేషన్ల గురించి చెప్పుకుని మనం ఆశ్చర్యపోతాం గాని, ఇది మన ఇంట్లో పుట్టిన వస్తువే. హజ్రత్ ఉమర్ రజియల్లాహు అన్హుకు ఖైబర్‌లో భూమి దక్కినప్పుడు, ప్రవక్త సల్లల్లాహు అలైహి వసల్లం వారి సలహా మీద, అసలును అమ్మకుండా, ఫలసాయాన్ని పేదలకు పంచేటట్లు ఏర్పాటు చేశారు. అదే వక్ఫ్. అసలు కదలకూడదు, ఫలం ఆగకూడదు. ఇంతకంటే మంచి నిర్వచనం ఏ మేనేజిమెంటు పుస్తకంలోనూ లేదు.

మరి మన వక్ఫులు ఏమయ్యాయి? 2006లో సచార్ కమిటీ ఇచ్చిన నివేదికలో ఆ లెక్క ఉంది. దేశంలో రిజిస్టరైన వక్ఫ్ ఆస్తులు 4 లక్షల 90 వేలు, భూమి సుమారు 6 లక్షల ఎకరాలు. ఆనాటి మార్కెట్ విలువ లక్షా ఇరవై వేల కోట్లుగా అంచనా వేశారు. వాటి మీద ఏడాదికి వచ్చే ఆదాయం ఎంతో తెలుసా? 163 కోట్లు! సరిగా వాడుకుంటే ఏడాదికి 12 వేల కోట్లు రావచ్చునని కమిటీ వారు రాశారు. పెద్ద తోట ఉండి కూడా పిల్లలకు పండు కొనలేని ఇంటి పరిస్థితి ఇది. ఆక్రమణలు ఉన్నాయి, కోర్టు కేసులు ఉన్నాయి, నలభై ఏళ్ళ కిందటి అద్దెకే కొట్లు పట్టుకుని కూర్చున్నవారు ఉన్నారు. వారిలో మనవాళ్ళు లేరని గుండె మీద చేయి వేసుకుని చెప్పగలమా? 2025లో వక్ఫ్ చట్టం మరొకసారి సవరించబడింది. దాని మంచి చెడ్డలు సుప్రీం కోర్టు ముందుకు వెళ్ళాయి. ఆ చర్చ ఎలా ఉన్నా, మన ఊరి మస్జిదు కింద ఉన్న కొట్ల అద్దె లెక్క గోడ మీద అంటించడానికి ఏ చట్టమూ అడ్డు రాదు.

ఇప్పటిదాకా ఇచ్చేవారి సంగతి చెప్పాం. ఇక పంచే పద్ధతి. ఒక చిన్న ఊరు తీసుకుందాం. రెండు వందల కుటుంబాలు జకాత్ ఇచ్చే స్థితిలో ఉన్నాయనుకోండి. ఇంటికి సగటున పదివేలు వస్తే ఇరవై లక్షలు. సాధారణంగా ఏం జరుగుతున్నది? ఎవరి గుమ్మం ముందు వారు పంచుతారు. ఐదు వందలు, వెయ్యి, రెండు చీరలు. ఇరవై లక్షలు రెండు వేల ముక్కలవుతుంది. షవ్వాల్ నెల పదో తారీఖుకు ఆ డబ్బు కరిగిపోతుంది. మరుసటి రంజాన్‌కు అదే వరుసలో అదే మనిషి, పక్కన ఈసారి కూతురు కూడా. అదే ఇరవై లక్షల్లో సగం తక్షణ అవసరాలకు ఉంచి, మిగిలిన పది లక్షలు పది కుటుంబాలకు తలా లక్ష ఇచ్చి తోపుడు బండో, కుట్టు మిషన్లో, ఆటోకు మొదటి వాయిదానో కట్టించితే? పదిమందిలో ఆరుగురు నిలదొక్కుకున్నా వచ్చే ఏడు వరుసలో ఆరు కుటుంబాలు తగ్గుతాయి. ఐదేళ్ళకు వరుస పొడుగు కళ్ళకు కనపడేటంత తగ్గుతుంది. హైదరాబాదులో 1992లో మొదలైన జకాత్ అండ్ ఛారిటబుల్ ట్రస్టు వారు జకాత్‌ను ఒకచోట చేర్చి పిల్లల చదువుల మీద పెట్టడం మనలో చాలామందికి తెలుసు. ఇండోనేషియాలో 2001 నుంచి బజ్నాస్ అనే సంస్థ దేశమంతటి జకాత్‌ను పద్ధతిగా వసూలు చేస్తున్నది. అంతర్జాతీయ దానశీలత సూచికలో ఆ దేశం 2018 నుంచి 2024 వరకు వరుసగా మొదటి స్థానంలో నిలిచింది. ధనిక దేశమని కాదు, పద్ధతి ఉన్న దేశమని.

ఇంతా విని ఏం చేయమంటారు అని మీరు అడుగుతారు. మాకు తోచిన ఐదు సూచనలు సభ ముందు పెడుతున్నాం.

మొదటిది, లెక్క. ఏటేటా ఆడిటు చేయించి, ఎంత వచ్చింది, ఎంత పోయింది, ఎందరికి అందింది అన్నది ఒక్క కాగితం మీద అచ్చు వేసి జుమా నమాజు తర్వాత పంచాలి. పుచ్చుకున్నవారి పేర్లు వేయనక్కరలేదు. పేదవాడి పరువు కూడా మన దగ్గర అమానతే.

రెండోది, రసీదు. కుడిచేత్తో ఇచ్చింది ఎడమచేతికి తెలియకూడదని కొందరు దాతలు పేరు రాయించుకోరు. వారి ఉద్దేశం పవిత్రమైనది. కాని దాత పేరు, చిరునామా లేని విరాళం ఒక పరిమితి దాటితే ధర్మసంస్థ దాని మీద నూటికి ముప్పై చొప్పున పన్ను కట్టవలసి వస్తుంది. మైకులో పేరు చదవవద్దు, బోర్డు మీద రాయవద్దు. పుస్తకంలో మాత్రం ఉండాలి. గుప్తదానం జనానికి గుప్తం గాని, కోశాధికారికి గుప్తం కాదు.

మూడోది, చిన్న దాత. ఇంటికి నెలకు వంద రూపాయల సభ్యత్వం పెట్టాలి. ఒక పెద్ద చెక్కు కోసం ఆర్నెల్లు తిరిగేకంటే, మూడు వందల ఇళ్ళు నెలకు వంద చొప్పున ఇస్తే ఏడాదికి మూడు లక్షల అరవై వేలు. ఆ ఇళ్ళ ఆడవాళ్ళను కార్యవర్గంలోకి తీసుకోవాలి. ఏ ఇంట్లో పొయ్యి వెలగలేదో ముందుగా తెలిసేది వారికే.

నాలుగోది, శాశ్వత నిధి. హనఫీ ఫిఖ్హ్ ప్రకారం జకాత్‌ను హక్కుదారుని చేతికి సొంతం చేయాలి. కనుక దాన్ని నిధిగా దాచిపెట్టడానికి వీల్లేదు. సదఖా నుంచి, తల్లిదండ్రుల పేర ఇచ్చే విరాళాల నుంచి మాత్రమే ఈ నిధి కట్టుకోవాలి. రెండు కొట్లు కట్టి అద్దెకిచ్చినా చాలు, మంచి రోజుల్లో పోగుచేసింది చెడ్డ రోజుల్లో ఆదుకుంటుంది. 2020లో కరోనా వచ్చినప్పుడు మస్జిదులు మూసి, హుండీలు లేక, చందాలు లేక సంఘాలు ఎంత ఇబ్బంది పడ్డాయో మరిచిపోలేదు కదా. ఆకలి మాత్రం ఆ నెలల్లోనే ఎక్కువైంది. ఇవ్వగలిగినవాడి చేయి ముడుచుకున్న రోజే పుచ్చుకునేవాడి చేయి చాచబడుతుంది. ఆ మధ్యన నిలబడవలసింది శాశ్వత నిధి.

ఐదోది, తలుపు తెరవడం. దీని మీద ఈనాడే ఓట్లు వేయమని మేము అడగడం లేదు. నియమావళిని ఒకసారి చదివి, ఆలిములతోనూ న్యాయవాదితోనూ సంప్రదించి, వచ్చే సర్వసభ్య సమావేశానికి ఒక ముసాయిదా తయారు చేయమని మాత్రమే కోరుతున్నాం. ఏది నిర్ణయించినా కళ్ళు తెరిచి నిర్ణయిద్దాం. 'మాకు ఎవరూ ఇవ్వడం లేదు' అని ఒక పక్క ఫిర్యాదు చేస్తూ, అందుకోవడానికి కావలసిన కాగితం ఒక్కటీ సిద్ధం చేసుకోకపోవడం న్యాయం కాదు.

పెద్దలారా! ఇచ్చే చేయి మారవచ్చు. సేఠు గారి చేయి పోయి కంపెనీ చేయి రావచ్చు, రసీదు పుస్తకం పోయి ఫోను రావచ్చు. పుచ్చుకునే చేయి మాత్రం మారలేదు. అది ఇప్పటికీ కుట్టు పనితో వేళ్ళు కాయలు కాసిన విధవరాలి చేయి, ఫీజు కట్టలేక హాల్ టికెట్టు రాని పిల్లవాడి చేయి. ఆ రెండు చేతుల మధ్య నమ్మకంగా నిలబడడమే మన సంఘం పని. ఆ నమ్మకం నిలుపుకునే శక్తిని అల్లాహ్ మనందరికీ ప్రసాదించుగాక, ఆమీన్.